టబ్బు తూము విప్పేముందు కిందికెళ్లి చూడండి



అమెరికాలో రెండంతస్తుల ఇల్లు కొనుక్కున్న తెలుగువాళ్లలో చాలామందికి ఏదో ఒక ఏడాది ఎదురయ్యే సంగతి ఇది. కింద హాల్లో కూర్చున్నవాళ్లు యథాలాపంగా పైకి చూస్తే, తెల్లటి సీలింగు మీద గోధుమరంగు మరక. సరిగ్గా దానికి పైనే స్నానాలగది. "టబ్బు తూము పోయినట్టుంది, మార్చేద్దాం" అని ఇంట్లో ఒకరు తీర్మానిస్తారు. పక్కింటాయన అవునంటాడు. ఆఫీసులో ఇంకొకాయన తన ఇంట్లోనూ అచ్చం ఇలాగే అయిందంటాడు. శనివారం పొద్దున్నే హార్డ్‌వేర్ దుకాణానికెళ్లి తూము సామానంతా కొనుక్కొచ్చేస్తారు.

ఆ తూము మార్చడం గురించే ఈపూట మాట్లాడతాను. అయితే మార్చే పద్ధతి కంటే ముందు, మార్చాల్సింది నిజంగా అదేనా అని తేల్చుకునే పద్ధతి చెప్పాలి. ఈ పనిలో తెలివి ఎక్కువగా కావాల్సింది అక్కడే. విప్పడం, బిగించడం పానా పట్టుకోగలిగిన ఎవరికైనా వచ్చేవే.

మొదట మన అలవాటు సంగతి చూద్దాం. ఆంధ్రలోగానీ తెలంగాణలోగానీ స్నానాలగది అంటే గదంతా తడిసినా ఫరవాలేదన్నట్టు కడతారు. నేల వాలుగా ఉంటుంది, మూలన నహానీ ట్రాప్ ఉంటుంది. చెంబుతో ఎటు పోసుకున్నా నీళ్లు దారి వెతుక్కుంటూ అక్కడికే పోతాయి. అమెరికా ఇళ్లలో స్నానాలగది నేలకు మామూలుగా తూము ఉండదు. తడవాల్సింది టబ్బు లోపలే. మనవణ్ణో మనవరాలినో చూసుకోవడానికి ఆర్నెల్లు వచ్చిన పెద్దవాళ్లు టబ్బులో బకెట్టు పెట్టుకుని మగ్గుతో పోసుకుంటారు. అందులో తప్పేం లేదు. కానీ కర్టెను టబ్బు బయటికి వేలాడుతుంటే దాని మీద పడ్డ నీళ్లన్నీ నేల మీదికి కారతాయి. టబ్బుకీ నేలకీ మధ్య సందులోంచి దిగి కింది గది సీలింగుకు చేరతాయి. అలాంటి ఇంట్లో ఎంత ఖరీదైన తూము పెట్టినా మరక మానదు. కర్టెను అంచు టబ్బు లోపలికి వేసుకుంటే మానుతుంది.

టబ్బు గురించి ఎవరేం చెప్పినా నమ్మేయడం కొత్తేమీ కాదు లెండి. 1917 డిసెంబరు 28న హెచ్. ఎల్. మెంకెన్ అనే పాత్రికేయుడు న్యూయార్క్ ఈవెనింగ్ మెయిల్ పత్రికలో ఒక వ్యాసం రాశాడు. అమెరికాలో మొట్టమొదటి స్నానపు తొట్టి 1842లో సిన్సినాటీలో వెలిసిందనీ, అది ఆరోగ్యానికి చేటని డాక్టర్లు గగ్గోలు పెట్టారనీ, అధ్యక్షుడు మిలర్డ్ ఫిల్మోర్ వైట్‌హౌస్‌లో ఒకటి పెట్టించాకే జనం దారికొచ్చారనీ అందులో ఉంది. అంతా కల్పన. సరదాకి రాసింది. దాన్ని నిజమనుకుని పత్రికలూ పుస్తకాలూ ఎత్తి రాసుకున్నాయి. 1926లో అదంతా కట్టుకథేనని మెంకెన్ తనే బయటపెట్టినా కథ మాత్రం ఆగలేదు. మీ సీలింగు మరకకు తూమే కారణమన్న మాట కూడా పరీక్షించి చూసేదాకా అలాంటిదే.

పరీక్షించాలంటే లోపల ఏముందో తెలియాలి. టబ్బును చిన్న చెరువు అనుకోండి. అడుగున తూము, గట్టు దాటకుండా పైన అలుగు. కుళాయి కింద, టబ్బు గోడకు, రెండు స్క్రూలతో బిగించిన గుండ్రటి బిళ్ల కనిపిస్తుందే, అదే అలుగు మూత. దాని వెనకనుంచి ఒక పైపు నిలువుగా దిగుతుంది. టబ్బు అడుగున తూముకి కింద వంకీ తిరిగిన ముక్క ఉంటుంది. దాన్ని ప్లంబర్లు షూ అంటారు. అక్కడినుంచి ఒక పైపు అడ్డంగా వెళ్లి, అలుగునుంచి దిగిన పైపును టీ అనే ముక్కలో కలుస్తుంది. అక్కణ్ణుంచి రెండూ ఒకే దారిన ట్రాపులోకి. ఇవన్నీ సాధారణంగా ఒకటిన్నర అంగుళాల పైపులు. పాతిళ్లలో ఇత్తడివి, ఆ తర్వాతివాటిలో తెల్లటి పీవీసీ లేదా నల్లటి ఏబీఎస్.

టబ్బులో నిలబడితే మన కాళ్ల దగ్గర మెరుస్తూ కనిపించే ముక్క పేరు ఫ్లేంజ్. దాని కింది భాగానికి మరలుంటాయి. అది టబ్బు రంధ్రంలోంచి దిగి, కిందున్న షూలోకి మర తిరిగి బిగుస్తుంది. టబ్బు అడుగు ఆ రెంటి మధ్య నొక్కుకుని ఉంటుంది. ఫ్లేంజ్ అంచు కింద ప్లంబర్లు వాడే మెత్తటి పుట్టీ, టబ్బుకీ షూకీ మధ్య మందపాటి రబ్బరు వాషరు. నీటిని ఆపేవి ఈ రెండే. ఇంకో సంగతి కూడా ఇక్కడే గ్రహించాలి. పైనుంచి ఫ్లేంజ్ విప్పుతున్నామంటే, కంటికి కనిపించని చోట షూకి ఉన్న పట్టు తీసేస్తున్నామన్నమాట.

ట్రాపు గురించి రెండు మాటలు. పైపును వంచి, ఆ వంపులో నీళ్లు నిలిపి, మురుగు గాలిని అడ్డుకోవాలన్న ఉపాయానికి 1775లో అలెగ్జాండర్ కమ్మింగ్ అనే గడియారాల నిపుణుడు లండన్‌లో పేటెంటు తీసుకున్నాడు. ఇప్పటి అమెరికా నిబంధనల్లో ఆ నీటి లోతు కనీసం రెండంగుళాలు, మించితే నాలుగు. అతిథుల గది టబ్బు నెలల తరబడి వాడకపోతే ఆ కాసిని నీళ్లూ ఆవిరైపోయి కంపు మొదలవుతుంది. తూము పాడైందని కంగారుపడకండి. రెండు చెంబుల నీళ్లు పోసి మర్నాడు చూడండి.

ఇప్పుడు జబ్బుల దగ్గరికి వద్దాం. అన్నిటికంటే మామూలుది, నీళ్లు దిగకపోవడం. జుట్టు అందరిళ్లలోనూ రాలుతుంది గానీ మన ఇళ్లలో దానికి తోడు కొబ్బరినూనె, కుంకుడుకాయ పిప్పి, పండగనాడు సున్నిపిండి. కొబ్బరినూనె సుమారు 24 డిగ్రీల సెల్సియస్ కంటే చల్లబడితే గడ్డకడుతుంది. చలికాలంలో న్యూజెర్సీలోనో షికాగోలోనో నేలకింది పైపు అంతకంటే చల్లగా ఉంటుంది. గడ్డకట్టిన నూనెకు జుట్టు అంటుకుంటుంది, జుట్టుకు పిండి పట్టుకుంటుంది. తలంటు మానమని ఎవరూ చెప్పరు, నేనూ చెప్పను. తూము మీద చిన్న జల్లెడ పెట్టుకోండి. కుంకుడు పిప్పిని ముందే గుడ్డలో వడకట్టుకోండి.

అప్పటికే పూడుకుపోయి ఉంటే? దుకాణంలో దొరికే ఘాటైన ద్రవం మాత్రం పోయకండి. దానిలో మామూలుగా ఉండేది కాస్టిక్ సోడా, బ్లీచ్. ఒకటి పోసి పని కాక, దాని మీద ఆమ్లం ఉన్న ఇంకో రకం పోస్తే క్లోరిన్ విషవాయువు పుడుతుంది. ద్రవం పోశాక కూడా అడ్డు పోకపోతే అదంతా ట్రాపులోనే నిలిచి ఉంటుంది. తర్వాత ట్రాపు విప్పే ప్లంబరు ముఖం మీద పడేది అదే. ఒకవేళ ఇప్పటికే పోసి ఉంటే, వచ్చినాయన చేయి పెట్టకముందే ఆ మాట చెప్పండి.

జుట్టు మామూలుగా ఎక్కడో దూరాన ఉండదు. ఫ్లేంజ్ లోపల అడ్డంగా ఉన్న పుల్లలకే చుట్టుకుని ఉంటుంది. తూము మూసే స్టాపరు తీసి, పళ్లున్న ప్లాస్టిక్ పట్టీతో లాగితే వచ్చేస్తుంది. స్టాపరు తీయడంలోనే రకరకాలు. ఎత్తి తిప్పే రకానికి తలకింద చిన్న స్క్రూ ఉంటుంది. కాలివేలితో నొక్కే రకం ఎడమవైపు తిప్పితే ఊడుతుంది. పాతిళ్లలో అలుగు బిళ్ల మీద ఒక మీట ఉండి, టబ్బులో స్టాపరే కనిపించకపోతే, అసలు బిరడా గోడ వెనక నిలువు పైపులో కడ్డీకి వేలాడుతోందని అర్థం. బిళ్ల స్క్రూలు రెండూ తీసి నెమ్మదిగా పైకి లాగితే కడ్డీతో సహా మొత్తం బయటికొస్తుంది, ఏళ్లనాటి జుట్టు మూటతో కలిపి. కడిగి తిరిగి పెట్టేటప్పుడు కడ్డీ పొడవు చూసుకోండి. నీళ్లు నిలవకుండా మెల్లగా జారిపోతుంటే కడ్డీ పొట్టిదైంది. అడ్డు లేకపోయినా నిదానంగా దిగుతుంటే పొడుగైంది, బిరడా పూర్తిగా పైకి లేవడం లేదు. దానికి మర ఉంటుంది, తిప్పి సరిచేసుకోవచ్చు. ఇంత చిన్న సర్దుబాటుకు తూము మొత్తం మార్చేసినవాళ్లు ఎందరో!

రబ్బరు ప్లంజరుతో కొట్టేవాళ్లు ఒకటి మరిచిపోతుంటారు. అలుగు తెరిచి ఉండగా ఎంత కొట్టినా గాలి అటునుంచి పోతుంది. తడిగుడ్డతో అలుగు గట్టిగా మూసి కొట్టండి. అడ్డు తీసే ప్లంబరు తీగ దింపాల్సివచ్చినా అలుగులోంచే దింపాలి. తూములోంచి వెళితే షూ దగ్గర ఒక మలుపు, టీ దగ్గర ఇంకో మలుపు, అక్కడే ఇరుక్కుంటుంది.

ఇక కారడం. దీనికి ఓపిక కావాలి, ఇంకో మనిషి తోడు కావాలి. కుళాయి ఉన్న గోడకు వెనకవైపు వెళ్లండి. చాలా ఇళ్లలో అది పక్కగది బట్టల అల్మరా అవుతుంది. అక్కడ గోడకు చిన్న తలుపులాంటి పలక ఉంటే అదృష్టం. లేకపోతే నిలువు చెక్కల మధ్య గోడ కొంచెం కోసుకుని, తర్వాత ప్లాస్టిక్ పలక బిగించుకోవచ్చు. సీలింగు ఎలాగూ పాడైందనుకుంటే మరక దగ్గరే కోసి చూడొచ్చు. టెక్సస్‌లోలాగా నేలమీదే కాంక్రీటు పలక పోసి కట్టిన ఇళ్లలో కింది అంతస్తు టబ్బుకు ఈ సీలింగు మరకలుండవు. పక్కగది కార్పెట్టు అంచు చెమ్మగా తగులుతుంది. అక్కడ గోడ వెనకనుంచి చూడ్డం తప్ప దారి లేదు.

అన్నీ ఆరాక మొదలుపెట్టండి. ఒకరు టార్చిలైటుతో కింద, ఒకరు పైన. తూము నోటిని టబ్బు లోపలినుంచే, ఫ్లేంజ్ అంచును కప్పకుండా లోపల సరిపోయే రబ్బరు మూతతో మూయండి. మీట రకం బిరడాను నమ్ముకోకండి. అది టీ దగ్గర మూస్తుంది కాబట్టి నీళ్లు అప్పటికే షూలోకి దిగి ఉంటాయి, ఎక్కడ కారుతోందో తేలదు. ఇప్పుడు అలుగుకు రెండంగుళాలు తక్కువగా నింపి అరగంట వదిలేయండి. ఆ అరగంటలో కింద చుక్క పడిందంటే ఫ్లేంజ్ అంచు దగ్గర పుట్టీ, దానికింద వాషరు రెండూ తప్పినట్టే. పడకపోతే అవి ఇంకా కొంతవరకు నిర్దోషులే. మూత తీసి నీళ్లు వదలండి. ఇప్పుడు కారితే షూ మొదలుకుని ట్రాపు దాకా ఏదో ఒక అతుకు. టిష్యూ కాగితంతో ఒక్కో నట్టునూ తుడిచి చూడండి. తడి అయిన కాగితం తనే చెబుతుంది. షూ దగ్గర తడి కనిపిస్తే వాషరును మళ్లీ అనుమానించాలి. నీళ్లు వదిలినప్పుడు షూ నిండి, అది కిందినుంచి కూడా కారవచ్చు.

అదీ లేకపోతే మళ్లీ నింపి ఈసారి అలుగు దాకా రానివ్వండి. అలుగు బిళ్ల వెనక స్పాంజిలాంటి రబ్బరు ఒకటి ఉంటుంది, ఏళ్లు గడిచేసరికి ఎండి పెళుసుబారుతుంది. పిల్లలు టబ్బు నింపుకుని ఆడిన రోజే మరక తడుస్తోందంటే ముందుగా అనుమానించాల్సింది దాన్నే. మనవాళ్లలో పెద్దలు టబ్బు నింపుకుని పడుకోవడం తక్కువ కాబట్టి ఈ లోపం చాలాకాలం బయటపడదు.

ఇవేవీ కాకుండా షవరు వాడినప్పుడు మాత్రమే కారుతుంటే తూముతో పనే లేదు. షవరు నీళ్లను బకెట్టులోకి పట్టి, గోడలకు తగలకుండా చూడండి. అప్పుడూ కారితే గోడలోని పైపు. కారకపోతే టైల్స్ మధ్య సందులు, లేదా టబ్బు అంచున ఉన్న సిలికాన్ గీత. ఆ గీత మళ్లీ వేసేటప్పుడు టబ్బు నిండా నీళ్లుంచి వేయండి. నిండు టబ్బు బరువుకు, ముఖ్యంగా ఫైబర్‌గ్లాస్ అయితే, కాస్త కిందికి దిగుతుంది. ఖాళీగా ఉన్నప్పుడు వేసిన గీత మొదటి స్నానానికే చీలుతుంది.

ఇంత చేశాక తప్పు తూముదేనని తేలిందనుకుందాం. ఫ్లేంజ్ విప్పాలి. లోపలి అడ్డుపుల్లల్లోకి దూరే ప్రత్యేకమైన పనిముట్టు దొరుకుతుంది, డంబెల్ ఆకారంలో. దాన్ని పెట్టి పానాతో అపసవ్య దిశలో తిప్పాలి. పట్టకారు రెండు కాళ్లూ పుల్లల మధ్య దూర్చి స్క్రూడ్రైవరు అడ్డం పెట్టి తిప్పే చిట్కా వదులుగా ఉన్నవాటికి పనిచేస్తుంది, మొండివాటికి చేయదు. మొండిగా ఉంటే హెయిర్ డ్రయ్యరుతో కాసేపు వేడిచేయండి, పాత పుట్టీ మెత్తబడుతుంది. పుల్లలు విరిగిపోయి ఉంటే లోపలి గోడను కరిచి పట్టే ఇంకో పనిముట్టు ఉంది. అదీ ఓడిపోతే సన్నటి రంపపు బ్లేడుతో ఫ్లేంజ్‌ను లోపలినుంచి రెండుచోట్ల నిలువుగా కోసి లోపలికి మడవాలి. బ్లేడు కింది షూ మరలకు తగిలితే మాత్రం షూ కూడా మార్చాల్సిందే.

ఇందాక షూ పట్టు గురించి చెప్పానే, అసలు ప్రమాదం ఇక్కడే. పైన బలంగా తిప్పుతుంటే కింద షూ కూడా తిరగబోతుంది. ముప్పై నలభై ఏళ్ల ఇత్తడి పైపు లోపల తినేసి కాగితంలా అయి ఉండొచ్చు, ఒక్క మెలికకు చీలుతుంది. ఫ్లేంజ్ ఊడగానే షూ జారి కిందికి దిగి, వాషరు పక్కకు పడిపోవచ్చు. అందుకే గోడ వెనక మనిషి షూను చేత్తో పట్టుకుని ఉండాలి. కిందికి చేరే దారి లేకుండా, పట్టుకునే మనిషి లేకుండా పైనుంచి విప్పొద్దు. ఒట్టి మెరుపు కోసమే అయితే, పాత ఫ్లేంజ్ అలాగే ఉంచి దాని మీద అంటించే కొత్త తొడుగులు అమ్ముతారు, అవి చాలు.

పాత ముక్క బయటికొచ్చాక దాన్ని సంచిలో వేసుకుని దుకాణానికెళ్లండి. ముందే కొనేస్తే తిరిగి వెళ్లక తప్పదు. కారణం మరల కొలత. ఒకటిన్నర అంగుళాల వ్యాసంతో అంగుళానికి పదకొండున్నర మరలున్నవి ఉన్నాయి, అంతకంటే కాస్త సన్నగా అంగుళానికి 16 మరలున్నవీ ఉన్నాయి. చూపుకు ఒకేలా ఉంటాయి. ఒకదానిలో ఒకటి రెండు చుట్లు ఎక్కి అక్కడ ఆగిపోతుంది. ఇంకా బిగిద్దామని బలం పెడితే మరలు చెడతాయి.

బిగించేముందు ఫ్రిజ్ మీద అంటించే అయస్కాంతం ఒకటి తెచ్చి టబ్బుకు పెట్టి చూడండి. అంటుకుంటే ఇనుమో ఉక్కో, పైన ఎనామిల్ పూత. దానికి పుట్టీ దివ్యంగా పనికొస్తుంది. చేతుల మధ్య పెన్సిలంత లావు తాడులా చేసి ఫ్లేంజ్ అంచు కింద చుట్టాలి. అంటుకోకపోతే ఆక్రిలిక్కో ఫైబర్‌గ్లాసో. దానికి మామూలు పుట్టీ వద్దు, అందులోని నూనె ప్లాస్టిక్‌ను కాలక్రమాన పాడుచేస్తుంది. సిలికాన్ వాడండి. పాత పుట్టీ ఆనవాలు లేకుండా గోకి, తుడిచి, ఆరబెట్టాకే కొత్తది. వాషరు కింద షూ మీద సరిగ్గా కూర్చోబెట్టమని వెనకున్న మనిషికి చెప్పండి. ఫ్లేంజ్‌ను మొదట పానా లేకుండా చేత్తోనే తిప్పండి. మర సరిగా పట్టిందో లేదో చేతికే తెలుస్తుంది. తర్వాత పానాతో బిగిస్తూ, పుట్టీ అంచంతా సమంగా బయటికి ఉబికేదాకా వెళ్లి అక్కడ ఆపండి. ఇంకొంచెం, ఇంకొంచెం అని బిగిస్తే ఫైబర్‌గ్లాస్ పగులుతుంది. దానికి మందు లేదు, టబ్బే మార్చాలి.

పైపులూ టీ కూడా మారుస్తున్నట్టయితే ప్లాస్టిక్ నట్లను చేత్తో బిగించి పావు చుట్టు పానాతో తిప్పితే సరిపోతుంది. అలుగు వెనక రబ్బరుకు ఒకవైపు మందం ఎక్కువ ఉంటే, టబ్బు గోడ వాలుకు తగ్గట్టు పెట్టాలి. సిలికాన్ వాడితే 24 గంటలు నీళ్లు పోయొద్దు. పుట్టీ అయితే వెంటనే పరీక్షించుకోవచ్చు. ఇందాకటి పరీక్షలే అదే వరుసలో మళ్లీ చేయండి, టిష్యూ కాగితంతో సహా.

మరీ పాతిళ్లు కొన్నిటిలో వంపు ట్రాపు బదులు నేలలో డబ్బాలాంటి సీసపు పాత్ర ఉంటుంది, డ్రమ్ ట్రాప్ అంటారు. అది కనిపిస్తే పని అక్కడితో ఆపి ప్లంబర్ని పిలవండి. ఈ రోజుల్లో నిబంధనలు దాన్ని ఒప్పుకోవు, మార్చడం ఒక రోజు పని కాదు. అద్దె ఇల్లయినా, కింద వేరేవాళ్లుండే కాండో అయినా మీరు పానా పట్టకండి. మేనేజ్‌మెంటుకు రాతపూర్వకంగా తెలియజేసి, మరక ఫొటో తీసి ఉంచుకోండి.

గోడకు కోసిన చోట మాత్రం సిమెంటు పూసి శాశ్వతంగా మూసేయకండి. నాలుగు స్క్రూలతో ఊడొచ్చే పలక పెట్టండి. దాని లోపలివైపు మార్కరుతో తేదీ, ఫ్లేంజ్ మరల కొలత, పుట్టీ వాడారో సిలికాన్ వాడారో రాయండి. వాషరు ఒకటి అదనంగా కొని సంచిలో వేసి అక్కడే మేకుకు తగిలించండి. మీ తర్వాత ఆ ఇల్లు ఎవరు కొన్నా, ఎవరు విప్పినా పనికొస్తుంది.